కాలువ కాంట్రాక్టు పట్టిన క్లౌ దొర

సీతానగరం వద్ద పడవెక్కి, కొమ్మమూరు కాలువ మీదుగా పెద్దగంజాం చేరి, అక్కడి నుండి బకింగ్‌హాం కాలువలో మద్రాసు వరకు పోయే రోజులుండేవి. 1899లో రైలుమార్గం పూర్తయిన తరువాత కూడా బియ్యం, ఉప్పు, కట్టెలు చాలాకాలం ఆ దారినే సాగాయి. ఆ కాలువలో ఒంగోలు వైపున సుమారు మూడు మైళ్ళ ముక్కను తవ్వించిన కాంట్రాక్టరు ఒక అమెరికన్ బాప్టిస్టు మిషనరీ. మతమూ డబ్బూ అమెరికా జీవితంలో ఎలా పెనవేసుకున్నాయో అక్కడి చరిత్రకారులు గ్రంథాలు వ్రాశారు. ఆ పెనవేత మన కాలువగట్టు మీదా కనిపించింది గనుక ఈ నాలుగు మాటలు.

జాన్ క్లౌ 1866లో ఒంగోలులో స్థిరపడ్డారు. మిషనరీ కాకముందు మిన్నెసోటాలో భూముల సర్వే పని చేసినవారు. 1876-78 నాటి ధాత కరువులో, 1855 నాటికే పూర్తయిన బెజవాడ ఆనకట్ట పుణ్యమా అని మన డెల్టా గట్టెక్కింది. ఒంగోలు మెరక మాత్రం మాడిపోయింది. సర్కారు కరువు పనిగా కాలువ తవ్వకం చేపట్టగా, క్లౌ ఒక ముక్కకు కాంట్రాక్టు తీసుకొని, తన బోధకులనే మేస్త్రీలుగా నిలబెట్టారు.

పనికి వచ్చినవారిలో మాదిగపల్లెల వారు ఎక్కువ. ఊళ్ళో వారికి దక్కేది చెప్పులకూ, మోట తోలు పనికీ కళ్ళంలో కొలిచే గింజలే. ఎంత కొలవాలన్నది ఆసామి చెయ్యి. పంటే లేనప్పుడు అదీ లేదు. కాలువ మీద చేసిన పనికి చేతికి డబ్బు. మస్టరు రోలు వ్రాసిన మన మిత్రులకు ఈ తేడా విడమరచి చెప్పనక్కరలేదు.

కూటికోసం మతం మారారనే నింద రాగలదని క్లౌకు తెలుసు. అందుకే కరువు సాయం సాగినన్నాళ్ళూ, ఏడాదికి పైగా, బాప్తిస్మాలు ఆపేశారు. తిరిగి మొదలుపెట్టాక 1878 జూలై 3న, గుండ్లకమ్మలో ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం పొందారు. అయినా నింద ఆగలేదు. గాదెలో గింజలున్నవారికి అన్నమూ నమ్మకమూ వేరువేరుగా కనిపిస్తాయేమో! తమను లెక్కలో మనుషులుగా చూసి కూలి ఇచ్చిన చోటికే వారు మళ్ళీ వచ్చారంటే, అందులో ఆశ ఎంత, భక్తి ఎంత అని తూచడం చరిత్రకారుడి పని కాదని నా అభిప్రాయం.

ఇక్కడే ఒక చుట్టరికం చెప్పాలి. 1894లో క్లౌను పెండ్లాడిన ఎమ్మా, వాల్టర్ రౌషెన్‌బుష్‌కు అక్క. ఆయన న్యూయార్కులో పేదల పేటలో పాస్టరుగా 11 ఏళ్ళు పనిచేసి, 1907లో 'క్రిస్టియానిటీ అండ్ ది సోషల్ క్రైసిస్' వ్రాశారు. లాభమే ధర్మంగా నడిచే వ్యాపార వ్యవస్థను బైబిలు పట్టుకొని నిలదీసిన పుస్తకమది. నూనె కోటీశ్వరుడు రాక్‌ఫెల్లరూ బాప్టిస్టే కావడం విశేషం!

అక్క అంతకుముందే, 1899లో, చెప్పులు కుట్టే మాదిగల కథలను పుస్తకంగా తెచ్చారు. 1910లో గతించిన భర్త జీవితకథను 1914లో అచ్చుకు సిద్ధం చేసిందీ ఆమే. దాని పేరు 'సోషల్ క్రిస్టియానిటీ ఇన్ ది ఓరియంట్'.