తెనిగింపు నుండి స్వతంత్ర రచనకు: కల్లం అంజిరెడ్డి ఔషధ ప్రస్థానం



జీవితమంతా పద్యాలు చెప్పుకొని బ్రతికినవాణ్ణి, ఒక రసాయన శాస్త్రజ్ఞుని గూర్చి వ్రాయబూనటం సాహసమే. అయితే కవుల చరిత్రలు వ్రాసుకొన్నంత శ్రద్ధగా మన పారిశ్రామికుల చరిత్రలు మనం వ్రాసుకోలేదు. ఆ లోటు నన్ను చాలాకాలంగా బాధిస్తున్నది.

కల్లం అంజిరెడ్డి 1939లో గుంటూరు జిల్లా తాడేపల్లిలో జన్మించారు. తండ్రి పసుపు పండించిన రైతు. గుంటూరులో పట్టభద్రుడై, బొంబాయిలో ఔషధ రసాయన విద్య నేర్చి, 1969లో పూనా జాతీయ రసాయన ప్రయోగశాల నుండి డాక్టరేటు పొందారు. పిమ్మట హైదరాబాదులోని ఐ.డి.పి.ఎల్. సంస్థలో ఉద్యోగం. సోవియట్ దేశపు సహకారంతో వెలసిన ఆ ప్రభుత్వ కర్మాగారం వేతనమిచ్చే చోటు మాత్రమే కాదు. ఒక తరం ఔషధ నిపుణులకు గురుకులం. హైదరాబాదు మందుల తయారీకి పేరెన్నికగన్న నగరమైనదంటే దానికి పునాది అక్కడ పడింది.

అదే కాలంలో చట్టం కూడ మారింది. 1970 నాటి పేటెంట్ల చట్టం 1972లో అమలుకు వచ్చింది. అప్పట్లో దాని ప్రకారం మందు అనే పదార్థంపై ఎవరికీ గుత్తాధికారం ఉండేది కాదు. దానిని తయారుచేసే పద్ధతిపై మాత్రమే ఉండేది. అంటే అదే మందును వేరొక మార్గంలో తయారు చేయగలిగితే తప్పు ఉండేది కాదు. భాషాపండితునికి ఇది సులువుగా బోధపడే విషయం. భారత కథ వ్యాసునిదే. నన్నయ నడక మాత్రం నన్నయదే. అంజిరెడ్డి చేసినది ఔషధాల ఆంధ్రీకరణమని నేను భావిస్తాను.

ఉద్యోగం విడిచి 1976లో యూనిలాయిడ్స్ సంస్థకు వ్యవస్థాపకులయ్యారు. 1980లో స్టాండర్డ్ ఆర్గానిక్స్‌ను నెలకొల్పారు. 1984లో, నలుబది అయిదేండ్ల వయస్సులో, మూడవసారి మొదటినుండి ఆరంభించారు. అదే డాక్టర్ రెడ్డీస్ లాబొరేటరీస్. రక్తపోటుకు వాడే మిథైల్‌డోపాతో మొదలుపెట్టి, నార్‌ఫ్లాక్ససిన్, ఒమిప్రజోల్ వంటి మందులను సామాన్యుని చేతికి అందేలా చేశారు. 2001 ఏప్రిల్‌లో ఆ సంస్థ వాటాలు న్యూయార్కు స్టాక్ ఎక్స్ఛేంజిలో నమోదయ్యాయి. అదే ఏడు ఆగస్టులో ఫ్లూఆక్సెటిన్ 40 మిల్లీగ్రాముల గొట్టాలను అమెరికాలో విక్రయించుకొనే 180 దినాల ప్రత్యేక హక్కు లభించింది.

ఇంతవరకే అయితే ఇది ఒక విజయగాథ. కాని ఆయన మనస్సు అనువాదంతో తృప్తి చెందలేదు. ఉత్పత్తి పేటెంట్లు మన దేశానికి తప్పవని గ్రహించి 1993లోనే పరిశోధనా సంస్థను స్థాపించారు. కొత్త చట్టం 2005 జనవరి 1 నుండి అమలైంది. ఆయన పన్నెండేండ్ల ముందే మేల్కొన్నారు. మధుమేహానికి బాలాగ్లిటజోన్ అనే అణువును కనుగొని 1997లో డెన్మార్కుకు చెందిన నోవో నార్డిస్క్‌కు హక్కులిచ్చారు. మన దేశంలో పుట్టిన అణువును విదేశీ సంస్థ తీసుకొనటం అప్పటికి అబ్బురం.

ఫలితం మాత్రం అనుకూలించలేదు. దాని వెనుక వచ్చిన రాగాగ్లిటజార్ అనే మందు మానవులపై పరీక్షల చివరి దశ చేరిన తరువాత, ఎలుకలలో మూత్రాశయపు కణుతులు కనబడటంతో 2002లో పరీక్షలు నిలిచిపోయాయి. బాలాగ్లిటజోన్ కూడ అంగడికి చేరలేదు. 2013 మార్చి 15న ఆయన కన్నుమూసేనాటికి తమదైన కొత్త మందు ఒక్కటైనా లోకానికి ఇవ్వాలన్న కోరిక తీరలేదు. మరణానంతరం 2015లో వెలువడిన ఆత్మకథకు ‘ఎన్ అన్‌ఫినిష్డ్ ఎజెండా’ అని పేరు. ముగియని పని అని అర్థం.

పరిశ్రమకు మరొక ముఖం ఉన్నదని మరువరాదు. హైదరాబాదు పొలిమేరలలో పటాన్‌చెరు, బొల్లారం ప్రాంతాల చెరువులు మందుల కర్మాగారాల వ్యర్థాలతో చెడిపోయాయి. ఇది ఏ ఒక్కరి దోషమనో చెప్పలేము. మొత్తం పరిశ్రమ మీద ఉన్న ఋణమిది. చౌకమందు వెలలో ఆ చెరువుల వెల కూడ కలిసి ఉన్నది.

మరి ఈ జీవితాన్ని సఫలమనాలా, విఫలమనాలా? నా బల్లపై నిత్యం మింగే బిళ్ళల అట్ట ఉన్నది. పించనుదారుడు కొనగలిగిన వెలకు అది దొరుకుతున్నదంటే అనువాదకుల తరం చేసిన శ్రమే కారణం. అనువాదం తక్కువ పని కాదని నా తెలుగు నాకు నేర్పింది. స్వతంత్ర రచన చేయబోయి విఫలుడైనవాడు, ఆ యత్నమే చేయనివానికన్న గొప్పవాడు.

1998లో ఆయన మరికొందరితో కలిసి స్థాపించిన సేవాసంస్థ పేరు ‘నాంది’. నాంది పలికినవాడే భరతవాక్యం కూడ పలకాలన్న నియమం ఏ నాటకంలోనూ లేదు. ఆ మిగిలిన అంకాన్ని వ్రాయవలసినవారు ఇప్పటి ప్రయోగశాలల్లోని మన పిల్లలు.