‘భక్త ప్రహ్లాద’ ఎప్పుడు విడుదలైంది?

తెలుగులో పూర్తిగా మాట్లాడిన తొలి చిత్రం ‘భక్త ప్రహ్లాద’. అర్దేషిర్ ఇరానీ నిర్మించగా, హెచ్.ఎం. రెడ్డి దర్శకత్వంలో బొంబాయిలో తీశారు. సురభి కమలాబాయి లీలావతిగా, మునిపల్లె సుబ్బయ్య హిరణ్యకశిపుడిగా, సింధూరి కృష్ణారావు ప్రహ్లాదుడిగా నటించారు. ఇంతవరకూ ఎవరికీ పేచీ లేదు. పేచీ అంతా తేదీతోనే వచ్చింది.

ఆ చిత్రం 1931 సెప్టెంబర్ 15న విడుదలైందని దశాబ్దాల పాటు రాశారు. పత్రికల్లో, సినిమా చరిత్ర పుస్తకాల్లో, ఫిలింనగర్ సభల్లో అదే తేదీ వినిపించేది. ఒకరు రాసింది చూసి మరొకరు రాశారు తప్ప, ఆధారం ఏమిటని అడిగినవారు తక్కువ. తొలి భారతీయ టాకీ ‘ఆలం ఆరా’ 1931 మార్చి 14న వచ్చింది కాబట్టి, ఆరు నెలలకు తెలుగు టాకీ రావడం నమ్మశక్యంగానే తోచింది.

ఆ తేదీని ‘కాళిదాస్’ పక్కన పెట్టి చూస్తే మాత్రం లెక్క కుదరదు. హెచ్.ఎం. రెడ్డే తీసిన ఆ చిత్రం 1931 అక్టోబర్ 31న మద్రాసులోని కినిమా సెంట్రల్‌లో విడుదలైంది. నాయిక టి.పి. రాజలక్ష్మి తమిళంలో మాట్లాడితే నాయకుడు తెలుగులో బదులిచ్చే ఆ చిత్రాన్నే దక్షిణాది తొలి టాకీ అంటారు. పూర్తి తెలుగు టాకీ అంతకు నెలన్నర ముందే వచ్చి ఉంటే ‘కాళిదాస్’కు ఆ గౌరవం దక్కదు. రెండూ నిజం కావడానికి వీల్లేదు.

ఈ చిక్కును విప్పినవారు పాత్రికేయుడు రెంటాల జయదేవ. జ్ఞాపకాలను పక్కనబెట్టి, నాటి కాగితాలను వెతికారు. ‘భక్త ప్రహ్లాద’కు బొంబాయిలో సెన్సార్ సర్టిఫికెట్ అందిన తేదీ 1932 జనవరి 22. సెన్సార్ కాని చిత్రం హాల్లో ఆడదు. అందుకే ఈ ఒక్క తేదీతోనే 1931 నాటి కథ కూలిపోతుంది. ఆపైన బొంబాయిలోని కృష్ణా సినిమాలో 1932 ఫిబ్రవరి 6న విడుదలైనట్టు తేలింది. మద్రాసు ప్రేక్షకులు దాన్ని ఏప్రిల్‌లో చూశారు.

ఇంత చిన్న విషయం ఇన్నేళ్లు ఎందుకు తేలలేదు? కాగితాలు ఉన్న ఊరు వేరు, చరిత్ర చెప్పుకునే ఊరు వేరు. తొలి తెలుగు టాకీ బొంబాయిలో పుట్టింది. పరిశ్రమ మద్రాసులో పెరిగింది. ఆ తర్వాతే హైదరాబాద్ చేరి జూబ్లీహిల్స్, ఫిలింనగర్‌లలో స్థిరపడింది. ఈ మకాం మార్పుల్లో మనుషులు వచ్చారు, కెమెరాలు వచ్చాయి, రికార్డులు రాలేదు. చిత్రం ప్రింటు కూడా మిగల్లేదు. చివరికి చరిత్ర అంటే సీనియర్ల మాటే అయింది. ‘ఆలం ఆరా’, ‘కాళిదాస్’, ‘భక్త ప్రహ్లాద’ మూడింటిలోనూ నటించిన ఎల్.వి. ప్రసాద్ 1994 వరకూ జీవించారు. అలాంటి సాక్షులు మన మధ్య ఉన్న రోజుల్లో కాగితం వెతకాలన్న ఆలోచన రాకపోవడం నిజంగా విచారకరం.

వ్యక్తుల జీవిత వివరాలదీ ఇదే దారి. తెలుగు సినిమా పితామహుడు రఘుపతి వెంకయ్య పుట్టిన సంవత్సరం కొన్ని చోట్ల 1869, మరికొన్ని చోట్ల 1887 అని కనిపిస్తుంది. ఆయన కుమారుడు, 1921లో ‘భీష్మ ప్రతిజ్ఞ’ తీసిన ఆర్.ఎస్. ప్రకాశ్ 1901లో జన్మించారు. 1887 సరైనదైతే తండ్రికి అప్పటికి 14 ఏళ్లే! కొడుకు పుట్టిన ఏడాదితో పోల్చుకుంటే చాలు, 1869 వైపే మొగ్గాల్సి వస్తుంది. అయినా రెండో అంకె ఇంకా అచ్చవుతూనే ఉంది.

‘భక్త ప్రహ్లాద’ విషయంలో మాత్రం పరిశ్రమ పాత మాటను వదులుకుంది. ఫిబ్రవరి 6ను తెలుగు సినిమా దినోత్సవంగా జరపాలని ఫిలిం ఛాంబర్ నిర్ణయించి, 2025లో వేడుక నిర్వహించింది.