రావి కొండలరావు: సహాయ నటుడి వృత్తి చరిత్ర

రావి కొండలరావు (1932–2020) తెలుగు చలనచిత్ర, టెలివిజన్ రంగాల్లో సహాయ నటుడు, నాటక రచయిత, పాత్రికేయుడు. 1932 ఫిబ్రవరి 11న అప్పటి తూర్పు గోదావరి జిల్లా సామర్లకోటలో జన్మించినా, పోస్ట్‌మాస్టరైన తండ్రి ఉద్యోగ విరమణ తరువాత శ్రీకాకుళం పట్టణంలో స్థిరపడడంతో ఆయన చదువూ, తొలి రంగస్థల అనుభవమూ నాగావళి నది ఒడ్డునే సాగాయి. తన ఆత్మకథకు ఆయన పెట్టుకున్న పేరు ‘నాగావళి నుంచి మంజీర వరకు’.

అప్పటి ఉత్తర కోస్తాలో నాటకం జీవనోపాధి కాదు. ఉద్యోగమో చదువో చేసుకుంటూ సాయంత్రాలు సాధన చేసే ఔత్సాహికుల వ్యాపకం. 1892లో ‘కన్యాశుల్కం’ తొలిసారి ప్రదర్శితమైన విజయనగరం ఈ సంప్రదాయానికి కేంద్రం కాగా, శ్రీకాకుళం జిల్లా లుకలాంకు చెందిన జె.వి. సోమయాజులు, జె.వి. రమణమూర్తి సోదరులు ఆ నాటకంతోనే పేరు పొంది సినిమాలకు వెళ్లారు. సోమయాజులుకు ‘శంకరాభరణం’ (1980)లో ప్రధాన పాత్ర దక్కింది. కొండలరావుకు అటువంటి చిత్రం ఒక్కటీ రాలేదు. అయినా ఆరు దశాబ్దాలు తెర మీద నిలిచిన తీరులోనే ఆయన ప్రత్యేకత ఉంది.

మద్రాసు చేరిన తొలినాళ్లలో ఆయనకు ఆధారమైంది నటన కాదు, కలం. పత్రికల్లో పనిచేస్తూ, హాస్య రచనలు చేస్తూ సినీ పరిశ్రమలో పరిచయాలు పెంచుకొని, కమలాకర కామేశ్వరరావు దర్శకత్వం వహించిన ‘శోభ’ (1958)కు సహాయ దర్శకుడిగా పనిచేసి, అందులోనే తొలిసారి తెర మీద కనిపించారు. సహాయ పాత్ర అంటే కథానాయకుడి కథ ముందుకు సాగడానికి అవసరమై, తనకంటూ ప్రత్యేక కథ లేని పాత్ర. తండ్రి, డాక్టరు, ప్లీడరు, పురోహితుడు, బడి పంతులు వంటి వేషాలు ఈ కోవకు చెందుతాయి. నటుడు షూటింగుకు రావలసిన రోజులను పరిశ్రమలో కాల్‌షీట్లు అంటారు. ఇటువంటి వేషానికి అవి కొద్దిగానే ఉండేవి కనుక, వాటిమీదే ఆధారపడిన నటుడికి తీరిక ఎక్కువ, రాబడి తక్కువ. ఈ చిక్కును కొండలరావు పత్రికా వృత్తితో దాటారు. విజయా సంస్థ అధినేత బి. నాగిరెడ్డి 1966లో ప్రారంభించిన ‘విజయచిత్ర’ సినిమా మాసపత్రిక సంపాదక బాధ్యతలను ఆయన దీర్ఘకాలం నిర్వహించారు. ఉదయం మేకప్ వేసుకున్న మనిషే సాయంత్రం ప్రూఫులు దిద్దడం అప్పటి మద్రాసులో వింత కాదు గాని, రెండింటినీ అంతకాలం సమంగా నడిపినవారు అరుదు.

‘దసరా బుల్లోడు’ (1971), ‘ఓయ్!’ (2009) వంటి వాటితో కలిపి ఆయన నటించిన చిత్రాలు 600కు పైగా ఉంటాయని పత్రికలు పేర్కొన్నాయి. గొంతు పెంచకుండా, మాట విరుపుతోనే నవ్వు పుట్టించే పద్ధతి ఆయనది. ‘కుక్కపిల్ల దొరికింది’, ‘నాలుగిళ్ల చావడి’, ‘కథ కంచికి’ వంటి నాటికలను స్వయంగా రాసి ఆడించిన అనుభవం దానికి మూలమని భావించవచ్చు. విజయనగరానికి చెందిన రంగస్థల నటి రాధాకుమారిని ఆయన వివాహమాడారు. తెర మీద కూడా వారు తరచుగా దంపతులుగానే కనిపించడంతో, ఇరుగుపొరుగు వృద్ధ జంట వేషమంటే వారిద్దరే అన్నంతగా ప్రేక్షకులు అలవాటుపడ్డారు. ఆమె 2012లో మరణించారు.

రచయితగా ఆయనకు గుర్తింపు ఆలస్యంగా వచ్చింది. పెళ్లికాని ఇద్దరు దంపతులుగా నటించే ‘మిస్సమ్మ’ (1955) ఇతివృత్తాన్ని తిరగేసి, ఉద్యోగం కోసం పెళ్లిని దాచిపెట్టే దంపతుల కథగా ఆయన అల్లిన ‘పెళ్లి పుస్తకం’ (1991) బాపు దర్శకత్వంలో విజయం సాధించి, కథకు నంది పురస్కారం తెచ్చింది. నాగిరెడ్డి కుటుంబం చందమామ విజయా కంబైన్స్ పేరుతో తిరిగి నిర్మాణం చేపట్టినప్పుడు సింగీతం శ్రీనివాసరావు తీసిన ‘బృందావనం’ (1992), జానపద చిత్రం ‘భైరవ ద్వీపం’ (1994) రచనలో ఆయన పాలుపంచుకున్నారు. నటుడిగా సన్నివేశం చివర నిలబడిన అనుభవం వల్లనేమో, ఆయన రాసిన కథల్లో చిన్న పాత్రలకూ చేయదగిన పని ఉంటుంది.

పరిశ్రమ హైదరాబాదుకు తరలిన తరువాత ఆయనా అక్కడికే మారి, టెలివిజన్‌లో నటిస్తూ, గురజాడ ‘కన్యాశుల్కం’ను బుల్లితెర ధారావాహికగా మలిచారు. సినిమాను నవలా రూపంలో తిరిగి చెప్పే వెండితెర నవల ప్రక్రియలో ‘మల్లీశ్వరి’, ‘షావుకారు’లను రాశారు, పాత సినిమా విశేషాలను కూర్చిన ‘బ్లాక్ అండ్ వైట్’ గ్రంథానికి నంది పురస్కారం లభించింది. 2020 జూలై 28న హైదరాబాదులో మరణించారు.