శేషాచలం హత్య కేసు: బెయిలు చూడాల్సింది గుంపునా, మనిషినా?

2013 డిసెంబరులో శేషాచలం అడవిలో ఎర్రచందనం దొంగల చేతిలో ఇద్దరు అటవీ అధికారులు హతులయ్యారు. ఆ కేసులో పోలీసులు వందలాది తమిళ కూలీలను అరెస్టు చేశారు. చాలామంది రెండేళ్లకు పైగా విచారణ ఖైదీలుగానే ఉండిపోయారు. సాక్ష్యం చాలదని 2016లో తిరుపతి కోర్టు వాళ్లను వదిలేసింది. అన్నాళ్లూ వాళ్లకు బెయిలు ఎందుకు అందలేదన్నదే ఇక్కడి ప్రశ్న.

హత్య కేసులో మేజిస్ట్రేటు చేతులు దాదాపు కట్టేసి ఉంటాయి. బెయిలు కావాలంటే సెషన్స్ కోర్టుకో హైకోర్టుకో పోవాలి. అక్కడ ఏం చూడాలో 2010లో ప్రశాంత కుమార్ సర్కార్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది: నేరం చేశాడని నమ్మడానికి ప్రాథమిక ఆధారం ఉందా, శిక్ష ఎంత పెద్దది, పారిపోతాడా, సాక్షులను బెదిరిస్తాడా. ఇవన్నీ ఒక్కో మనిషిని పట్టి అడగాల్సిన ప్రశ్నలు. 2024 దాకా అమల్లో ఉన్న ఐపీసీ 149వ సెక్షను మాత్రం గుంపులో ఒకడు చేసిన హత్యను గుంపు మొత్తానికీ అంటగట్టేది. ఎవరు కొట్టారు, ఎవరు దుంగ మోశారు, ఎవరు దూరంగా వంట చేస్తున్నారు అన్న తేడా బెయిలు దశలోనే చెరిగిపోయేది.

1964 నాటి మసల్తీ కేసు చూడండి. పెద్ద గుంపు మీద కేసు నడిచినప్పుడు, ఒక నిందితుణ్ణి కనీసం నలుగురు సాక్షులు గుర్తుపడితేనే శిక్ష వేస్తామన్న హైకోర్టు కొలతను సుప్రీంకోర్టు తప్పుపట్టలేదు. శిక్ష దగ్గర అంత జాగ్రత్త ఉన్నప్పుడు, బెయిలు దగ్గర కనీసం ఒక్క సాక్షి వేలెత్తి చూపాడా అని అడిగితే తప్పేమిటి? నా వాదన ఇంతే.

బెయిలు వచ్చినా జామీను సంగతి ఉంటుంది. ఇంటిపన్ను రసీదు, ఆధార్ నకలు, తహసీల్దారు ఇచ్చే సాల్వెన్సీ సర్టిఫికెట్టు పట్టుకుని ఇద్దరు స్థానికులు కోర్టు వరండాలో నిలబడాలి. తమిళనాడు జవ్వాది కొండల కూలీకి తిరుపతిలో ఎవరున్నారు? 1978లో మోతీరాం కేసులో జస్టిస్ కృష్ణయ్యర్ సరిగ్గా ఇదే అడిగారు: ఎక్కడో బస్తరులోనో పోర్ట్‌బ్లెయిర్‌లోనో పట్టుబడిన తమిళుడు, ఆంధ్రుడు అక్కడ ఆస్తి ఉన్న జామీనుదారుణ్ణి ఎక్కణ్ణుంచి తెస్తాడు? (ఆ జాబితాలో మనమూ ఉన్నామని మనవాళ్లకు గుర్తున్నట్టు లేదు.) 2016 ఆగస్టులో రేణిగుంట స్టేషన్లో గరుడాద్రి ఎక్స్‌ప్రెస్ నుంచి 32 మంది తమిళులను ఎర్రచందనం టాస్క్‌ఫోర్స్ దింపి అరెస్టు చేసింది. అది హత్య కేసు కాదు. అయినా వాళ్లను బెయిలు మీద విడిపించడానికి తమిళనాడు ప్రభుత్వమే లాయర్లను పంపాల్సి వచ్చింది.

ప్రాసిక్యూషన్ భయాన్ని కొట్టిపారెయ్యలేం. రాష్ట్రం దాటిన నిందితుణ్ణి మళ్లీ కోర్టుకు తేవడం కష్టం. పోయిన అధికారుల ఇళ్లలో వాళ్లకూ న్యాయం కావాలి. అయితే విచారణలు ఇక్కడ ఎంత నిదానంగా సాగుతాయో చూడండి: 2015 నవంబరు 17న చిత్తూరు మేయరు కఠారి అనురాధ, ఆమె భర్త మోహన్ హతులైతే తీర్పు 2025 అక్టోబరులో వచ్చింది. ఐదుగురు దోషులని తేలారు, మిగిలినవాళ్లు నిర్దోషులయ్యారు. పదేళ్లు పట్టే చోట బెయిలు ఉత్తర్వే సగం తీర్పు.

శేషాచలంలో ఆ ఇద్దరు అధికారులను చంపిందెవరో మాత్రం, వందలాది మందిని అన్నాళ్లు జైల్లో ఉంచినా, ఆ విచారణలో తేలలేదు.