ఇంజనీరింగు విద్య: పదునాలుగు వంతుల లెక్క

కాలువ త్రవ్వించునప్పుడును, వంతెన కట్టించునప్పుడును గ్రామమునకు వచ్చు ఇంజనీరును మీరెల్లరు నెరుగుదురు. ఆ చదువునకు ఏ యింటి బిడ్డ పోగలిగెను, ఏ యింటి బిడ్డ ఆగిపోయెను అనుదానికొక చరిత్ర కలదు. దానిని సంగ్రహముగా మనవి చేసెదను.

మద్రాసులో 1794లో సర్వే పాఠశాలగా పుట్టిన సంస్థ 1859లో ఇంజనీరింగు కళాశాల యయ్యెను. గిండీ కళాశాల యని పేరొందినది అదియే. 1946లో తెలుగుదేశమునకు రెండు కళాశాలలు ఏర్పడి, అనంతపురమునను కాకినాడయందును నెలకొన్నవి.

చెన్నరాజధానిలో ఇంగ్లీషు చదువున ముందుగా ప్రవేశించిన బ్రాహ్మణులు జనసంఖ్యలో కొద్దివారయ్యు పట్టభద్రులలో అధికులుగా నుండిరి. తక్కిన వర్గములవారి యాందోళనము ఫలితముగా 1921లోను, 1927లోను ఉద్యోగములను వర్గములవారీగా పంచు ఉత్తర్వులు వెలువడెను. పిదప కళాశాలలకును ఆ పద్ధతియే వచ్చెను. 1950 నాటి లెక్క యిది: ప్రతి 14 స్థానములలో బ్రాహ్మణేతర హిందువులకు 6, వెనుకబడిన హిందువులకు 2, బ్రాహ్మణులకు 2, ఆ ఉత్తర్వు హరిజనులని పేర్కొన్నవారికి 2, ఆంగ్లో-ఇండియనులకును దేశీయ క్రైస్తవులకును కలిపి 1, మహమ్మదీయులకు 1.

రాష్ట్రమందలి నాలుగు ప్రభుత్వ ఇంజనీరింగు కళాశాలలలో కలసి 395 స్థానములే. అందు 21 ఇతర రాష్ట్రములవారికి, 12 ప్రభుత్వ విచక్షణకు పోగా, మిగిలినవి నాలుగు జిల్లా సమూహములకు పంచబడెను. స్థానములు కొలదియగుటచేతనే వంతులు ఇంత పట్టుదలకు కారణమయ్యెను.

450కి 369 మార్కులు పొందిన సి. ఆర్. శ్రీనివాసను ఇంజనీరింగు ప్రవేశమునకై న్యాయస్థానము నాశ్రయించెను. వైద్యవిద్యను గూర్చి చంపకం దొరైరాజన్ వేసిన యర్జీయు దానితో కలిసినది. 1951 ఏప్రిలు 9న సుప్రీముకోర్టు ఆ ఉత్తర్వు రాజ్యాంగవిరుద్ధమని తీర్మానించెను. ఆ యేడు జూనులోనే రాజ్యాంగము తొలిసారి సవరింపబడి, వెనుకబడిన తరగతులకును షెడ్యూల్డు కులజాతులకును ప్రత్యేక ఏర్పాట్లు చేయు అధికారము ప్రభుత్వమునకు లభించెను. ఆంధ్రప్రదేశమున 1970లో అనంతరామన్ సంఘపు నివేదికపై వెనుకబడిన తరగతులకు నూటికి 25 స్థానములు ఏర్పడగా, 1972లో సుప్రీముకోర్టు దానిని సమర్థించెను.

మార్కులే చూడవలెనను వాదమును నేను తేలికగా త్రోసివేయను; కష్టపడి చదివిన బాలునికి ద్వారము మూసిన బాధ బాధయే. అయినను మార్కులు ఆకాశమునుండి రాలవు. ఊరిలో బడి యుండవలెను, గణితము చెప్పు గురువుండవలెను, కూలికి పంపకుండ పిల్లవానిని చదివించుకొను శక్తి యింటికుండవలెను. ఇవి తరతరములుగా అందనివాడు పరీక్షనాడు మాత్రము అందరితో సమానుడనుట న్యాయమని నాకు తోచదు.

కావున, పెద్దలారా, కళాశాల వంతులు ప్రభుత్వము చూచుకొనును. మీ యూరి బడిలో ఏ వాడబిడ్డ గణితము మధ్యలో మానుచున్నాడో, ఏల మానుచున్నాడో విచారించుట మాత్రము మీచేతిలోని పని.