నడిగడ్డ సీడు పత్తి: కొన్నదెవరు, బాకీ ఎప్పటిది?

కృష్ణా తుంగభద్రల నడుమ ఉన్న నడిగడ్డలో, అంటే గద్వాల, ఆలంపూర్ ప్రాంతాల్లో, సీడు పత్తి రైతు పంటను అంగడికి తోలడు, అప్పజెబుతాడు. మూల విత్తనం కంపెనీది, పెట్టుబడి కంపెనీకీ రైతుకూ నడుమ ఉండే ఆర్గనైజర్‌ది. ఆడ మొక్కల పూమొగ్గల్లో కేసరాలు తీసి, మగ పూల పుప్పొడిని ఒక్కొక్కదానికీ చేత్తో అద్దే కష్టం రైతుది, కూలీలది. జిన్నింగయ్యాక గింజలు ఆర్గనైజర్ చేతికి పోతాయి. కంపెనీ నమూనా నాటి జన్యుశుద్ధి చూస్తుంది. జి.ఓ.టి. అనే ఆ పరీక్ష ఫలితం వచ్చేదాకా లెక్క తేలదు. తేలాక పెట్టుబడి, దాని వడ్డీ పోగా మిగిలిందే రైతుకు. ఆ మిగులు కూడా చేతికి రాకపోతే దావా ఎవరి మీద?

1930 నాటి సరుకుల విక్రయ చట్టం 55వ సెక్షన్ ప్రకారం, సరుకుపై హక్కు కొన్నవాడికి మారి, అతడు అన్యాయంగా డబ్బు ఇవ్వకుంటే అమ్మినవాడు ధరకు దావా వేయవచ్చు.  ఇక్కడి చిక్కంతా ‘కొన్నవాడు’ అన్న మాటలోనే ఉంది. కంపెనీని అడిగితే ‘మా ఒప్పందం ఆర్గనైజర్‌తో’ అనవచ్చు. ఆర్గనైజర్‌ను అడిగితే ‘కంపెనీ డబ్బు రాలేదు’ అనవచ్చు.

ఈ ఇరకాటానికి దారి చట్టంలోనే ఉంది. సివిల్ ప్రొసీజర్ కోడ్ మొదటి ఆర్డర్, 7వ రూలు ప్రకారం, పరిహారం ఎవరి నుంచి రావాలో వాదికి అనుమానమున్నప్పుడు ఇద్దరినీ ప్రతివాదులుగా చేర్చవచ్చు. ఏజెంటు స్వయంగా బాధ్యుడయ్యే సందర్భాల్లో అతణ్ణి గానీ, అసలువాణ్ణి గానీ, ఇద్దరినీ గానీ పట్టుకోవచ్చునని 1872 కాంట్రాక్టు చట్టం 233వ సెక్షన్ చెబుతోంది. ఒక్క ఆర్గనైజర్ మీదనే దావా వేయడం రైతు చేతులారా చేసుకునే నష్టమని నా గట్టి అభిప్రాయం.

పరీక్ష పేరుతో జాప్యం జరిగితే? విక్రయ చట్టం 42వ సెక్షన్‌ను ఇక్కడ శ్రద్ధగా చదవాలి. తిరస్కరించినట్టు తెలపకుండా సమంజసమైన కాలం దాటి సరుకును అట్టిపెట్టుకున్న కొనుగోలుదారు దాన్ని స్వీకరించినట్టే. ‘ఫెయిలైంది’ అన్న మాట పంపకుండా గింజను నెలల తరబడి గోదాములో ఉంచుకున్నవాడికి ఈ సెక్షన్ ఎదురు నిలుస్తుంది.

కాలపరిమితి మరింత కఠినం. 1963 లిమిటేషన్ చట్టం 14వ అధికరణం ప్రకారం, గడువు అనుకోని అమ్మకంలో సరుకు అప్పజెప్పిన రోజు నుంచి మూడేళ్లు. గడువు ముందే ఖాయమై ఉంటే 15వ అధికరణం ప్రకారం ఆ గడువు తీరిన నాటి నుంచి మూడేళ్లు. ‘పరీక్ష ఫలితం వచ్చాక ఇస్తాం’ అన్న నోటిమాట ఖాయమైన గడువు కాదని ఎదుటి వకీలు వాదిస్తాడు. అందుకే దాన్ని నమ్ముకుని కూర్చోరాదు. మధ్యలో ఇచ్చిన కొంత సొమ్ము కాలాన్ని మళ్లీ మొదలుపెట్టాలంటే, ఆ చెల్లింపు పాత గడువు తీరకముందే జరగాలి, దానికి ఇచ్చినవాడి చేతిరాతో సంతకమో ఉండాలి. రైతు తన నోటుబుక్కులో రాసుకున్నది చాలదు.

ఇలాంటి నియమమే తిరగబడి రైతును కాపాడే చోటు కూడా ఉంది. పెట్టుబడి, వడ్డీ కింద కోసుకున్నామని ఆర్గనైజర్ తన ఖాతా పుస్తకం చూపితే, ఆ పద్దు ఒక్కటే బాధ్యత మోపడానికి సరిపోదు. పాత సాక్ష్య చట్టంలోని ఈ సూత్రం 2024 జూలై 1న అమల్లోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియంలోనూ నిలిచింది.

ప్రతివాది కర్నూలు వాడైతే? తుంగభద్ర దాటితే చాలు కర్నూలు. 2014 జూన్ 2 నుంచి అది మళ్లీ వేరే రాష్ట్రం. అయినా సరుకు అప్పజెప్పింది ఆలంపూర్ పరిధిలోనైతే, దావా కారణంలో కొంత ఇక్కడే పుట్టింది కాబట్టి సివిల్ ప్రొసీజర్ కోడ్ 20వ సెక్షన్ కింద ఇక్కడే వేయవచ్చు. డిక్రీ వచ్చాక మాత్రం, ఆస్తి ఏటి అవతల ఉంటే, అదే కోడ్ 39వ సెక్షన్ కింద దాన్ని అక్కడి కోర్టుకు పంపించుకోవాలి. అమలుకు పన్నెండేళ్ల గడువుంది.