మూడు కిటికీల వెలుగు

కోనసీమలో మలికిపురం చుట్టుపక్కల గునపం వేస్తే రాయి తగలదు. వశిష్ఠ, వైనతేయ పాయల మధ్య గోదావరి తెచ్చి పోసిన ఒండ్రు నేల ఇది. సఖినేటిపల్లి రేవు దాటితే నరసాపురం. 1836లో ఇంగ్లండు నుంచి తెలుగు తీరానికి వచ్చిన విలియం బౌడెన్, జార్జ్ బీర్ మొదలుపెట్టిన గోదావరి డెల్టా మిషన్‌కు ఆ ఊరే పట్టుగొమ్మ. ధవళేశ్వరం ఆనకట్ట కడుతున్న కాలంలో బౌడెన్ అక్కడి కూలీల మధ్యకు వెళ్లి బోధించాడు. బ్రదరెన్ శాఖకు చెందిన ఆ మిషన్ సంఘాలు గోపురాలూ బొమ్మలూ కోరలేదు. వాక్యం వినడానికి నీడ ఉంటే చాలనుకున్నాయి.

రాతిగుట్టల మెదక్‌లో కథ వేరు. వెస్లియన్ మెథడిస్టు మిషనరీ చార్లెస్ వాకర్ పోస్నెట్ 1914లో అక్కడ చర్చి పని ఆరంభించాడు. మొదటి ప్రపంచయుద్ధం, దాని వెంట కరువు. ఆకలితో ఉన్నవాళ్లను ఊరికే చేయి చాపనివ్వకుండా పనిలో పెట్టి తిండి పెట్టాడు. ఆ చర్చిని గాథిక్ శైలికి నమూనాగా చూపేవారు ముందు ఈ మాట చెప్పాలి. ఆ రాళ్లు మోసింది కరువు కూలీలు.

పదేళ్లు పట్టింది. 1924 డిసెంబరు 25న ప్రతిష్ఠ జరిగింది. పొడవు 200 అడుగులు, వెడల్పు 100, గంటగోపురం 175 అడుగులు. లోపల దాదాపు 5,000 మంది పడతారు. నేలమీది రంగు పలకలు పరచడానికి ఇటలీ పనివాళ్లు వచ్చారు. పైకప్పులో స్పాంజిలా బోలుగా ఉండే పదార్థం వాడారు. అంత పెద్ద హాల్లో మాట గింగురుమనకుండా ఆపేది అదే.

అయినా ప్రతిష్ఠ నాటికి ఇప్పుడు మనం చూసే చర్చి పూర్తి కాలేదు. దాని ప్రాణమంతా రంగుగాజు కిటికీల్లో ఉంది. అవి ఒక్కొక్కటిగా తర్వాత వచ్చాయి. లండన్ చిత్రకారుడు ఫ్రాంక్ సాలిస్‌బరీ చేతిపని అది. అమెరికా అధ్యక్షుడు రూజ్‌వెల్ట్ చిత్రపటం గీసినవాడూ ఆయనే. క్రీస్తు ఆరోహణ కిటికీ 1927లో వచ్చింది, నిజాం ఏలుబడిలో. జనన కిటికీ వచ్చిన 1947లో దేశానికి స్వాతంత్ర్యం దక్కింది, మెదక్ మాత్రం ఇంకా నిజాం చేతిలోనే ఉంది. మెథడిస్టులు, ఆంగ్లికన్లు, మరికొందరు కలిసి దక్షిణ ఇండియా సంఘంగా ఏర్పడిందీ ఆ ఏడే. మిషన్ చర్చి బిషప్పు పీఠమైంది. సిలువ కిటికీ 1958 నాటిది. అప్పటికి నిజాం రాజ్యం లేదు, హైదరాబాద్ రాష్ట్రమూ లేదు. అప్పుడు మెదక్ ఆంధ్రప్రదేశ్‌లో ఒక జిల్లా.

డోర్నకల్లులో బిషప్ అజరయ్య వేరే దారి పట్టాడు. గుడి స్తంభాలను, మసీదు గుమ్మటాలను ఒకే కప్పు కిందికి తెచ్చిన ఆ కెథెడ్రల్ 1939లో ప్రతిష్ఠ అయింది. ఆలోచనలో నాకు డోర్నకల్లే గొప్పగా తోస్తుంది. ఈ నేల రూపాన్ని అది గౌరవించింది. కానీ పాతదాన్ని చెరపకుండా కొత్తది చేర్చే ఓర్పు మెదక్‌లోనే చూశాను. ముప్ఫై ఏళ్ల ఎడంలో వచ్చినా ఆ కిటికీలు ఒకేసారి చేసినట్టు ఉంటాయి. ఒకదాన్నొకటి మింగవు.

కోనసీమ నుంచి మెదక్ వెళ్లేవాళ్లు పగటి పూటే లోపలికి వెళ్లాలి. ఆ బొమ్మలు ఎండతోనే కనిపిస్తాయి. చీకటి పడ్డాక లోపల ఎన్ని దీపాలు పెట్టినా అవి నల్లటి గాజు పలకలే.